వంత యాడికి పాయ? తక్కువ బడ్జెట్‌లో మిక్సర్ కొనే ముందు తెలుసుకోవాల్సిన చరిత్ర

సత్యవేడు నుంచి మాట్లాడుతున్నా. ఈ మధ్య నన్ను ఎక్కువమంది అడిగే ప్రశ్న ఒకటే. "అన్నా, మా బ్యాండుకు మిక్సర్ కావాలి. చేతిలో ఉండేది 25 వేలో 30 వేలో. ప్రోగ్రామ్‌కూ పనికిరావాలి, రికార్డింగ్‌కూ పనికిరావాలి. ఏది తీసుకోమంటావ్?"

ఒక మోడల్ పేరు చెప్పేస్తే ఈ ఎపిసోడ్ నిమిషంలో అయిపోతుంది. కానీ నేను అట్లా ఎవరో చెప్పిన పేరు పట్టుకుని కొని దెబ్బతిన్నవాణ్ణే. అందుకని ఈరోజు మోడళ్ళ కంటే ముందు కథ చెప్తా. మిక్సర్ అనే పెట్టె ఎందుకు పుట్టింది, ఎట్లా పెరిగింది, మనలాంటి వాళ్ళ చేతికి ఎట్లా వచ్చింది. ఈ కథ తెలిస్తే షాపులో ఏం అడగాలో మీకే తెలుస్తుంది.

ముందు నా దెబ్బ సంగతి. పోయిన ఏడాది మా పక్క ఊళ్ళో ద్రౌపదమ్మ గుడి దగ్గర మహాభారతం జరిగింది. చిత్తూరు, తిరుపతి పక్క వాళ్ళకు చెప్పక్కర్లేదు. మిగతావాళ్ళ కోసం చెప్తున్నా. ఇది రోజుల తరబడి జరిగే పండగ, చాలా ఊళ్ళల్లో 18 రోజులు చేస్తారు. మధ్యాహ్నం హరికథ, రాత్రి వీధినాటకం, చివర్లో దుర్యోధన వధ, అగ్నిగుండం. మాకు తాత వరస అయ్యే ఒక పెద్దాయన ఆ నాటకంలో వేషం కడతారు. డెబ్బై దాటినాయి. నాకు హార్మోనియం నేర్పించింది కూడా ఆయనే. ఎన్నాళ్ళు పాడగలరో తెలియదు కాబట్టి, ఆ రాత్రి ఆటంతా రికార్డు చేద్దామని కొత్త మిక్సర్ కొన్నా. యూఎస్‌బీ వైరుతో ల్యాప్‌టాప్‌లోకి రికార్డింగ్ పెట్టినా.

మరుసటి రోజు హెడ్‌ఫోన్లు పెట్టి తాతకు వినిపించినా. ఆయన గొంతు పక్కన కూర్చుని పాడినట్టు ఉంది. నాకు భలే సంతోషం. ఆయన మాత్రం కాసేపు విని హెడ్‌ఫోన్లు తీసేసి అడిగినారు: "నా గొంతు ఉండాది రా అబ్బోడా. వంత యాడికి పాయ?"

నిజమే, వంత లేదు. వీధినాటకంలో వేషగాడు ఒక పాదం పాడితే వెనకాల నిలబడినవాళ్ళు అందుకుని మళ్ళీ పాడతారు. మద్దెల, తాళాలు కూడా వాళ్ళ పక్కనే. మైదానంలో కూర్చున్న జనానికి అవన్నీ గట్టిగానే వినపడ్డాయి. కానీ రికార్డింగ్‌లో ఎక్కడో బావిలో నుంచి వచ్చినట్టు ఉన్నాయి. ఎందుకంటే వాళ్ళ ముందు మైకు లేదు. నా మిక్సర్ పెట్టె మీద 8 అని పెద్ద అంకె ఉంది. మైకులు పెట్టే చోట్లు మాత్రం 2. కంపెనీని అనడానికి లేదు, వివరాలన్నీ పెట్టె మీదే రాసి ఉన్నాయి. చదవంది నేను.

"వంత యాడికి పాయ" అన్న తాత ప్రశ్నను పట్టుకునే ఇప్పుడు చరిత్రలోకి పోదాం. మిక్సర్ చరిత్ర మొత్తం ఆ ప్రశ్నకు జవాబు వెతకడమే.

మైకు లేని రోజుల్లో వేషగాళ్ళు పైశ్రుతిలో పాడేవాళ్ళు, వెనక వరసకు వినపడాలి కాబట్టి. వంత వాళ్ళు అదే పాదాన్ని మళ్ళీ అందుకుంటే ముందు వినపడనివాడికి రెండోసారి వినపడేది. ఒక రకంగా వంత అనేది పాతకాలపు సౌండ్ సిస్టమే.

కరెంటుతో గొంతు పెంచడం చూస్తే, అమెరికాలో పీటర్ జెన్సెన్, ఎడ్విన్ ప్రిధమ్ అనే ఇద్దరు 1915 డిసెంబర్ 24న శాన్‌ఫ్రాన్సిస్కోలో జనం ముందు లౌడ్‌స్పీకర్ మోగించినారు. వాళ్ళ కంపెనీ పేరు మాగ్నవాక్స్. లాటిన్‌లో ఆ మాటకు పెద్ద గొంతు అని అర్థం. 1919లో శాండియాగోలో అమెరికా అధ్యక్షుడు విల్సన్ ఆ పరికరంతోనే స్టేడియం నిండా ఉన్న జనంతో మాట్లాడినారు. అప్పటి అవసరం ఒక మనిషి గొంతు ఎక్కువమందికి చేరడం. కలపడానికి రెండో గొంతు లేదు కాబట్టి మిక్సర్‌తో పని లేదు.

మన దగ్గర మైకు సెట్ అనగానే గుర్తొచ్చే పేరు అహుజా. ఢిల్లీలో 1940లో మొదలైన కంపెనీ అది. గొట్టం స్పీకర్లు, కింద ఆంప్లిఫయర్, దాని ముఖాన వరసగా నాలుగైదు నాబ్‌లు. ఒక నాబ్ ఒక మైకుకు, ఇంకొకటి పాటలు వేసే ప్లేయర్‌కు. చూడ్డానికి ఆంప్లిఫయరే కానీ లోపల చిన్న మిక్సర్ ఉంది. జాతరల్లో ఆ నాబ్‌లు తిప్పే మైకు సెట్ అన్నే మనం చూసిన మొదటి సౌండ్ ఇంజనీర్.

ఇక్కడ మా ఊరి గురించి ఒక్క మాట. 1960 ఏప్రిల్ 1 దాకా సత్యవేడు మద్రాసు రాష్ట్రంలో, చెంగల్పట్టు జిల్లాలో ఉండేది. పటాస్కర్ సూచనల మీద సరిహద్దు మార్చినప్పుడు తిరుత్తణి అటు పోయింది, మేము ఇటు వచ్చినాం. సరిహద్దుకు అటుపక్క తెరుక్కూత్తు, ఇటుపక్క వీధినాటకం. రెండింట్లోనూ అదే ద్రౌపదమ్మ కథ. రాష్ట్రం మారినా మేము సౌండ్ సామాన్లు కొనడానికి పోయేది మాత్రం చెన్నై మౌంట్ రోడ్డు పక్కనున్న రిచీ స్ట్రీట్‌కే. మా ఊరి సౌండ్ చరిత్ర సగం మద్రాసు చరిత్రే.

తెలుగులో మొదటి టాకీ 'భక్త ప్రహ్లాద' 1932 ఫిబ్రవరి 6న విడుదలైంది. అప్పటికి ప్లేబాక్ లేదు. నటించేవాళ్ళే కెమెరా ముందు పాడాలి. ఆ కాలం రికార్డింగులు ఎక్కడ జరిగినా సూత్రం ఒకటే. గట్టిగా మోగే వాయిద్యం మైకుకు దూరంగా, మెత్తగా పలికేది దగ్గరగా. పాడేవాడు ఒక అడుగు ముందుకు వేస్తే గొంతు పెరుగుతుంది, వెనక్కి వేస్తే తగ్గుతుంది. పద్యనాటకాల్లో నటుడు పద్యం ఎత్తుకోగానే నడుచుకుంటూ మైకు దగ్గరికి వచ్చేది అందుకే. అంటే ఆ రోజుల్లో మిక్సింగ్ చేసింది కాళ్ళు. ఆ పనిని కాళ్ళ నుంచి వేళ్ళకు మార్చిందే మిక్సర్. ఒక్కో గొంతుకు ఒక్కో మైకు పెట్టి, ఒక్కో మైకుకు ఒక్కో నాబ్ ఇచ్చింది.

దీన్నిబట్టి కొనేటప్పుడు మొదటి పాఠం: పెట్టె మీది అంకెను నమ్మొద్దు, మైకు ఇన్‌పుట్లు లెక్కపెట్టండి. బెహ్రింగర్ క్యూ802 యూఎస్‌బీలో పేరులో 8 ఉంటుంది, మైకులకు 2. యమహా ఎంజీ10 ఎక్స్‌యూలో పేరులో 10, మైకులకు 4. ఎంజీ12 ఎక్స్‌యూలో పేరులో 12, మైకులకు 6. ఇది మోసం కాదు. మిగతావి కీబోర్డు, ఫోన్ లాంటి వాటి కోసం ఇచ్చే లైన్ ఇన్‌పుట్లు, జతకు రెండు చొప్పున లెక్కేస్తారు. కంప్యూటర్ మీద పాడేవాడికి 2 చాలు. బ్యాండుకు చాలవు.

ఇప్పుడు 1965కు పోదాం. ఆగస్టు 15, న్యూయార్క్ షే స్టేడియం, బీటిల్స్ కచేరీ. సుమారు 55 వేల మంది జనం. గిటార్లకు వాళ్ళ వాళ్ళ ఆంప్లిఫయర్లు, గొంతులకు స్టేడియం స్పీకర్లు. జనం కేకల్లో వాళ్ళ పాట వాళ్ళకే సరిగ్గా వినపడలేదు. జనానికి వినపడటం ఒక సమస్య అయితే, పాడేవాడికి తన గొంతు తనకు వినపడటం ఇంకో సమస్య అని ఇలాంటి కచేరీలతో అందరికీ అర్థమైంది. పాడేవాళ్ళ వైపు తిప్పి పెట్టే మానిటర్ బాక్సులు ఆ తర్వాతి ఏళ్ళల్లో స్టేజీకి మామూలైపోయినాయి.

జనానికి ఒక మిశ్రమం, పాడేవాడికి ఇంకో మిశ్రమం కావాలంటే మిక్సర్ నుంచి రెండో దారి ఉండాలి. ఆ దారి పేరు ఆక్స్. ఒక్కో ఛానల్లో ఆక్స్ అని రాసిన నాబ్ తిప్పితే ఆ గొంతు ఎంత కావాలో అంత ఆ దారిలో పోతుంది. అది ప్రీ ఫేడర్ అయితే మీరు కింద ఫేడర్ కదిపినా ఆ దారిలో మార్పు రాదు. కాబట్టి రెండో పాఠం: ఆక్స్‌లు కనీసం రెండు, అందులో ఒకటైనా ప్రీ ఫేడర్ ఉండాలి. షాపులో చాలామంది ఎకో ఎన్ని రకాలు ఉందని అడుగుతారు. మీరు ఆక్స్ అడగండి.

ఇంత పనిచేసే మిక్సర్లు మొదట్లో స్టూడియో గోడలకు అతుక్కుని ఉండేవి, లక్షల్లో ఖరీదు. ఊరూరూ తిరిగే బ్యాండు చేతికి ఎట్లా వచ్చినాయి? 1973లో ఇంగ్లండులో మొదలైన సౌండ్‌క్రాఫ్ట్ కంపెనీ మిక్సర్‌ను మోసుకుపోయే పెట్టెలోనే బిగించి అమ్మింది. అమెరికాలో గ్రెగ్ మాకీ అనే ఆయన ముందు టాప్‌కో పేరుతో, తర్వాత మాకీ పేరుతో చిన్న బ్యాండ్ల కోసమే మిక్సర్లు చేసినాడు. 1990ల మొదట్లో వచ్చిన ఆయన సీఆర్-1604 చాలా పేరు తెచ్చుకుంది. జర్మనీలో 1989లో మొదలైన బెహ్రింగర్ తయారీని చైనాకు మార్చి ధరలు ఇంకా కిందికి లాగింది. ఈ పోటీ వల్లే ఇవాళ ఐదుగురు కుర్రాళ్ళు డబ్బులు వేసుకుంటే ఒక మంచి మిక్సర్ వస్తుంది.

ఇంతవరకు స్టేజీ కథ. రికార్డింగ్ కథ వేరే దారిలో నడిచింది. నా పొరపాటుకు మందు దొరికింది ఈ దారిలోనే, కాబట్టి జాగ్రత్తగా వినండి.

1957లో ఆంపెక్స్ కంపెనీ గిటారిస్ట్ లెస్ పాల్ కోసం ఎనిమిది ట్రాక్‌ల టేప్ రికార్డర్ చేసి ఇచ్చింది. ట్రాక్ అంటే విడిగా దాచుకునే ఒక వరస. ఎనిమిది వాయిద్యాలు ఎనిమిది వరసల్లో ఉంటే ఏది పెంచాలో ఏది తగ్గించాలో తర్వాత తీరిగ్గా తేల్చుకోవచ్చు. కానీ అది చాలా ఖరీదైన సరుకు. 1963 ఫిబ్రవరి 11న బీటిల్స్ తమ మొదటి ఆల్బమ్‌లో పది పాటలు ఒక్క రోజులో రికార్డు చేసినప్పుడు వాళ్ళ దగ్గర ఉన్నది రెండు ట్రాక్‌ల యంత్రమే. వాళ్ళు ఏం చేసినారో తెలుసా? గొంతులన్నీ ఒక ట్రాక్‌లో, వాయిద్యాలన్నీ ఇంకో ట్రాక్‌లో పెట్టినారు. తర్వాత గొంతు ఎంత, వాయిద్యం ఎంత అని కలుపుకున్నారు. ఆ ఆల్బమ్ స్టీరియోలో వింటే ఒక చెవిలో గొంతులు, ఇంకో చెవిలో వాయిద్యాలు ఉండేది అందుకే.

1979లో టాస్కామ్ పోర్టాస్టూడియో వచ్చింది. మామూలు క్యాసెట్టు మీద నాలుగు ట్రాక్‌లు, మిక్సర్ అదే పెట్టెలో. 1982లో బ్రూస్ స్ప్రింగ్‌స్టీన్ 'నెబ్రాస్కా' ఆల్బమ్‌ను ఇంట్లో అలాంటి పెట్టెలోనే రికార్డు చేసినాడు. మాకు దగ్గర్లో చెన్నైలో ఏఆర్ రెహమాన్ తన ఇంటి దగ్గరే స్టూడియో కట్టుకున్నారు, 1992లో 'రోజా' వచ్చింది. పెద్ద స్టూడియో గేటు దాటకుండా కూడా మంచి పాట పుడుతుందని అప్పుడు తేలిపోయింది.

మూడో పాఠం ఇదే: మిక్సర్ మీద యూఎస్‌బీ అని రాసి ఉంటే సరిపోదు, ఎన్ని ట్రాక్‌లు పోతాయో అడగండి. తక్కువ ధరలో దొరికే అనలాగ్ మిక్సర్లలో ఎక్కువ వాటికి యూఎస్‌బీ ద్వారా రెండే పోతాయి, ఎడమ, కుడి. మైకులు ఆరు పెట్టినా అన్నీ కలిసిపోయే పోతాయి. తర్వాత విడదీయడం కష్టం. విడివిడిగా కావాలంటే జూమ్ లైవ్‌ట్రాక్ ఎల్-12 లాంటివి ఉన్నాయి. 2017లో వచ్చింది. ఎనిమిది మైకులు పెట్టొచ్చు, ఒక్కో ఛానల్ ఒక్కో ఫైల్‌గా మెమరీ కార్డులోకి పోతుంది. పోర్టాస్టూడియోకు మనవడు అనుకోండి. డిజిటల్‌లో బెహ్రింగర్ ఎక్స్ఆర్18కు 16 మైకు ఇన్‌పుట్లు ఉన్నాయి, ట్యాబ్‌తో నడపొచ్చు, ల్యాప్‌టాప్‌లోకి ట్రాక్‌లు విడివిడిగా పోతాయి. జాతరలో వేల ఫోన్ల మధ్య దాని వైఫై తడబడే అవకాశం ఉంది, విడిగా ఒక రౌటర్ పెట్టుకోవాలి. బడ్జెట్ సాగితే ఇవి మంచివే. మాకు సాగలేదు.

మరి మేము ఏం చేసినాం? ముందు కాగితం మీద గొంతులు లెక్కపెట్టినాం. వేషగాళ్ళకు రెండు మైకులు. హార్మోనియంకు ఒకటి. మద్దెలకు ఒకటి. వంతకు ఒకటి, నలుగురి మధ్యలో. జనం వైపు ఒకటి, ఇది స్పీకర్లకు పోదు, రికార్డింగ్‌కు మాత్రమే. మొత్తం ఆరు. పాతది అమ్మేసి, ఇంకొంత వేసుకుని, ఆరు మైకులు పట్టే, రెండు ఆక్స్‌లు ఉండే, యూఎస్‌బీ స్టీరియో ఉండే అనలాగ్ మిక్సర్ తీసుకున్నాం.

రెండే ట్రాక్‌లు కదా, దానికి 1963 ఉపాయమే వాడినాం. వేషగాళ్ళ మైకులకు పాన్ నాబ్ పూర్తిగా ఎడమకు తిప్పినాం. వంత, మద్దెల, హార్మోనియం, జనం మైకు పూర్తిగా కుడికి. రికార్డింగ్‌లో ఎడమ ఒక ట్రాక్, కుడి ఒక ట్రాక్. తర్వాత ఫోన్‌లోనే ఎడిటింగ్ యాప్‌లో రెండూ విడదీసి, వంత ఎంత కావాలో అంత పెంచుకోవచ్చు. మరి స్పీకర్లకు అట్లాగే పోతే మైదానంలో ఎడమ పక్క వాళ్ళకు గొంతులే, కుడి పక్క వాళ్ళకు వాయిద్యాలే వినపడతాయి కదా? అందుకే స్పీకర్లకు మెయిన్ అవుట్ ఇవ్వలేదు. ప్రీ ఫేడర్ ఆక్స్ నుంచి ఇచ్చినాం. మామూలుగా ఆక్స్ మీద పాన్ పనిచేయదు, అందరికీ అన్నీ సమానంగా పోతాయి. జనం మైకుకు ఆక్స్ సున్నా. లేకపోతే స్పీకర్ శబ్దం మళ్ళీ మైకులోకి దూరి కుయ్ మంటుంది.

ఇంకో సంగతి. స్టేజీకి బాగున్న మిశ్రమం రికార్డింగ్‌కు బాగుండదు. మద్దెల ఎలాగూ గట్టిగా మోగుతుంది కాబట్టి స్పీకర్లో తగ్గిస్తాం. అదే మిశ్రమాన్ని రికార్డు చేస్తే మద్దెల మాయం. నాకు జరిగింది ఇదే. ఆక్స్ ఒక దారి, మెయిన్ ఒక దారి అయితే రెండింటినీ వేర్వేరుగా పెట్టుకోవచ్చు.

కొనేటప్పుడు షాపులో చేయాల్సినవి చెప్పేస్తా. ఒక మైకు, ఒక హెడ్‌ఫోన్, మీ ఫోన్, ఓటీజీ వైరు తీసుకుపోండి. మైకు పెట్టి గెయిన్ పెంచి, మాట్లాడకుండా హెడ్‌ఫోన్‌లో వినండి. అన్ని మిక్సర్లకూ కొంచెం సుస్సు మనే శబ్దం ఉంటుంది. మామూలు మాట దగ్గరే అది అడ్డం వస్తే వదిలేయండి. ఫేడర్లు, నాబ్‌లు అన్నీ ఒకసారి తిప్పండి. గరగరమంటే సెకండ్ హ్యాండ్ సరుకు అరిగిపోయిందని అర్థం. యూఎస్‌బీని మీ ఫోన్ గుర్తుపడుతుందో లేదో అక్కడే చూడండి, అన్ని ఫోన్లూ గుర్తుపట్టవు. 48 వోల్టుల బటన్ ఉందా చూడండి, కండెన్సర్ మైకుకు అది కావాలి. షూర్ ఎస్‌ఎం58 లాంటి డైనమిక్ మైకుకు అక్కర్లేదు. బయట అడాప్టర్‌తో నడిచేదైతే రెండోది కొనిపెట్టుకోండి, జాతర మధ్యలో అడాప్టర్ పోతే మిక్సర్ ఉత్త డబ్బానే. జనరేటర్ కరెంటుకు స్టెబిలైజర్ పెట్టండి. గుయ్ మనే హమ్ వచ్చిందని ఎర్త్ పిన్ను మాత్రం ఎప్పుడూ పీకొద్దు. ప్రాణం మీదికి వస్తుంది. కీబోర్డుకు డీఐ బాక్స్ పెడితే ఎక్కువసార్లు హమ్ పోతుంది. ధరలు నేను చెప్పను, నెలకోసారి మారతాయి.

మొన్న మా ఇంటి ముందు రిహార్సల్ పెట్టి కొత్త మిక్సర్‌తో ఒక గంట రికార్డు చేసినాం. రాత్రి కూర్చుని రెండు ట్రాక్‌లూ కలిపి, పొద్దున్నే తాతకు హెడ్‌ఫోన్లు పెట్టినా. ఈసారి తీయలేదు. చివరిదాకా విన్నారు. బాగుంది అంటారేమో అని చూస్తా ఉన్నా. "వంత సరిపోయినాది. తాళం రొంత తగ్గించు రా" అన్నారు.

తగ్గించినా. వచ్చే తిరునాళ్ళకు ఆయన గొంతు ఎట్లా ఉంటుందో నేను చెప్పలేను, ఆరు మైకులు మాత్రం సిద్ధంగా ఉంటాయి. మీరు కూడా షాపుకు పోయే ముందు కాగితం తీసుకుని మీ బ్యాండులో ఎన్ని గొంతులు ఉన్నాయో రాసుకోండి, వెనకాల నిలబడే వాళ్ళతో సహా. ఆ అంకె తేలితే మోడల్ పేరు అదే తేలిపోతుంది. ఉంటా మరి, వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం.